18 చేపలు, ఒక్క ఏరు: సయోటో మ్యాడ్‌టామ్ కేసు

ఈ కేసులో చివరికి చేప దొరకదు. ముందే చెప్పేస్తున్నాను, ఎందుకంటే ఇలాంటివి చదివేటప్పుడు ఆఖర్న ఎక్కడో ఒక ఫొటో ఉంటుందని అందరం ఆశ పెట్టుకుంటాం, నేనూ అంతే. 1957 తర్వాత ఈ చేప ఎవరి వలలోనూ పడలేదు. 2023 అక్టోబరులో అమెరికా ఫిష్ అండ్ వైల్డ్‌లైఫ్ సర్వీస్ 21 జీవులు అంతరించిపోయాయని ప్రకటించి రక్షిత జాబితాలోంచి తీసేసింది. అందులో పది పక్షులు, ఎనిమిది మంచినీటి ఆల్చిప్పలు, ఒక గబ్బిలం, రెండు చేపలు. ఆ రెండు చేపల్లో ఒకటి టెక్సాస్‌ది, రెండోది మా ఒహాయోది. మా దాని పేరు సయోటో మ్యాడ్‌టామ్, శాస్త్రీయ నామం నోటురస్ ట్రాట్‌మని. పొడవు ఆరు సెంటీమీటర్లు, అంటే చూపుడువేలంత కూడా ఉండదు. మొత్తం ప్రపంచంలో మనిషి చేతికి చిక్కినవి 18. అవన్నీ ఒకే ఏటిలో చిక్కినవే.

నేను కొలంబస్‌లో ఉంటాను. వంతెన బాగుచేయాలన్నా, ఏటి కింద నుంచి పైపు వేయాలన్నా, పని మొదలయ్యే ముందు ఆ నీళ్లలో ఏమేం బతుకుతున్నాయో చూసి నివేదిక ఇవ్వాలి. నేను చేసేది ఆ పని. ఎండాకాలమంతా నడుము లోతు నీళ్లలో, చలికాలమంతా కంప్యూటర్ ముందు. పన్నెండేళ్లుగా మ్యాడ్‌టామ్‌లు పడుతున్నాను, వదులుతున్నాను, వాటి ముళ్లు గుచ్చుకుంటూనే ఉన్నాయి. సయోటో మ్యాడ్‌టామ్ కేసుని నేను ఇన్నేళ్లుగా పట్టుకుని ఉండడానికి కారణం ఒకటే. ఒక చేప "లేదు" అని చెప్పడానికి ఏమేం కావాలో, అవి సమయానికి లేకపోతే ఏమవుతుందో ఇంత స్పష్టంగా చూపించే కేసు నాకు ఇంకొకటి తగల్లేదు.

ముందు ఆ ఏటి గురించి చెప్పాలి.

బిగ్ డార్బీని ఇక్కడివాళ్లు క్రీక్ అంటారు గానీ, మనవైపు అయితే అది ఏరే. కొలంబస్‌కి పడమటి పక్కగా, మొక్కజొన్న, సోయా పొలాల మధ్య నుంచి దక్షిణానికి పారి, పికవే కౌంటీలో సర్కిల్‌విల్ ఊరి దగ్గర సయోటో నదిలో కలుస్తుంది. ఇక్కడి తెలుగువాళ్లు చాలామంది ఈ ఏటిని పేరు తెలియకుండానే చూసి ఉంటారు. పిల్లలకి బైసన్ చూపించడానికి బాటెల్ డార్బీ క్రీక్ మెట్రో పార్కుకి తీసుకెళ్తాం కదా, ఆ పార్కులో చెట్ల వెనక పారేది ఇదే. దీని పరీవాహకంలో నూటికి పైగా రకాల చేపలు నమోదయ్యాయి. చుట్టూ ఇంత వ్యవసాయం, పక్కనే ఇంత పెద్ద నగరం ఉండి కూడా ఇన్ని రకాలు బతికి ఉన్న ఏరు ఈ ప్రాంతంలో అరుదు. 1994లో దీనికి జాతీయ సీనిక్ నది హోదా ఇచ్చారు. పాడైపోయిన కాలువలోంచి ఒక చేప పోతే కారణం వెతుక్కోవడం తేలిక. ఇంత బాగున్న ఏటిలోంచి పోయింది కాబట్టే నాకు ఈ చేప మీద ఇంత పట్టు.

ఏరు ఎక్కడైతే లోతు తగ్గి, గులకరాళ్ల మీద నుంచి మోకాలి లోతున గలగలా పారుతుందో ఆ చోటుని మా పనిలో రిఫిల్ అంటాం. రాళ్ల మీద నురగ కట్టి పారడం వల్ల నీళ్లకి గాలి బాగా అందుతుంది, రాళ్ల సందుల్లో పురుగులు చేరతాయి, ఆ పురుగుల కోసం చిన్న చేపలు చేరతాయి. సర్కిల్‌విల్‌కి కాస్త ఎగువన అలాంటి ఒక రిఫిల్ ఉంది. సయోటో మ్యాడ్‌టామ్‌కి ఈ లోకంలో ఉన్న చిరునామా అది. ట్రాట్‌మన్ రిఫిల్ అని పిలుస్తారు.

మిల్టన్ ట్రాట్‌మన్ 1899లో పుట్టి 1991లో పోయారు. ఒహాయో చేపల మీదే జీవితం పెట్టిన మనిషి, ఏరు ఏరుగా దశాబ్దాల తరబడి వల లాగారు. 1943లో ఈ చేప మొదటిసారి ఆయన కంటపడింది. ఆ తర్వాత ఎప్పుడో ఒకటి అర. మళ్లీ 1957 శరదృతువులో మాత్రం ఒక్కసారిగా చాలా దొరికాయి, ఆ 18లో ఎక్కువ భాగం అప్పటివే. అంతే, అక్కడితో ఆగిపోయింది. ఆయన తరవాత కూడా అదే చోటికి వెళ్లారు, ఆయన తర్వాతి తరం వెళ్లింది, దొరకలేదు.

ఇప్పుడు తారీఖులు వరసగా చూడండి, ఈ కేసులో నన్ను బాధపెట్టేది ఇదే. చివరి చేప 1957లో. దీన్ని కొత్త జాతిగా వర్ణించి పేరు పెట్టింది 1969లో, విలియం రాల్ఫ్ టేలర్ అనే శాస్త్రవేత్త నోటురస్ ప్రజాతి మొత్తాన్నీ కొత్తగా పరిశీలించి సర్దినప్పుడు. పట్టినాయన పేరు మీదే ట్రాట్‌మని అని పెట్టారు. అంటే పేరు పెట్టేసరికే చేప కనిపించక పన్నెండేళ్లయింది. అంతరించిపోయే ప్రమాదం ఉన్న జాతుల చట్టం కింద రక్షణ ఇచ్చింది 1975లో, అప్పటికి పద్దెనిమిదేళ్లు. ఇక లేదని ప్రకటించింది 2023లో, 66 ఏళ్ల తర్వాత. బతికున్న ఒక్క సయోటో మ్యాడ్‌టామ్ మీద కూడా ఆ చట్టం నీడ పడిందో లేదో! ఇందులో ఎవరినీ తప్పుపట్టడం లేదు. సీసాల్లో ఉన్న నమూనాలని దగ్గరి జాతులతో పోల్చి, రెక్కల్లో పుల్లలు లెక్కపెట్టి, ఇది వేరే జాతేనని రుజువు చేయడానికి ఏళ్లు పడుతుంది, ఇప్పటికీ పడుతుంది. కానీ ఏరు ఆగదు కదా.

మ్యాడ్‌టామ్ అంటే ఎలా ఉంటుందో చెప్తాను. మన జెల్ల చేప తెలుసుగా, పొలుసులు ఉండవు, మూతి చుట్టూ మీసాలు, వీపు మీద ఒక ముల్లు, రెండు పక్కలా రెండు ముళ్లు. దాన్ని వేలంత చేసి, తోకని గుండ్రంగా మలిచి, వీపు వెనక భాగంలో ఉండే కొవ్వు రెక్కని తోకదాకా సాగదీస్తే మ్యాడ్‌టామ్ అవుతుంది. ముళ్లలో విషం ఉంటుంది. ప్రాణానికి ఏమీ కాదు, తేనెటీగ కుట్టినట్టు సలుపుతుంది, ఆ విషం వేడికి విరుగుతుంది కాబట్టి ఓర్చుకోగలిగినంత వేడినీళ్లలో చెయ్యి పెడితే తగ్గుతుంది. మున్నేరులో జెల్ల ముల్లు గుచ్చుకుంటే మా నాయనమ్మ వేడి కాపడం పెట్టేది, ఇక్కడ సేఫ్టీ ట్రైనింగులో అదే మాట చెప్పినప్పుడు ఆవిడే గుర్తొచ్చింది.

ఇవి పగలంతా రాళ్ల కింద నక్కి ఉంటాయి, చీకటి పడ్డాక బయటికొచ్చి పురుగులు ఏరుకు తింటాయి. ఎండాకాలంలో రాతి కింద గుంట చేసి గుడ్లు పెడతాయి, మగది అక్కడే ఉండి కాపలా కాస్తుంది. రాయి లేకపోతే ఎవరో పారేసిన బీరు డబ్బాలో కూడా కాపురం పెట్టే మ్యాడ్‌టామ్‌లున్నాయి, అందుకని ఏట్లో డబ్బా కనిపిస్తే తీసి గట్టున పడేసే ముందు లోపలికి తొంగి చూడడం మాకు అలవాటు. సయోటోకి గోధుమ రంగు ఒళ్లు, దాని మీద జీను వేసినట్టు నాలుగు ముదురు పట్టీలు. దీని దగ్గరి చుట్టం ఎలిగెంట్ మ్యాడ్‌టామ్ కెంటకీ, టెన్నెసీ వైపు ఏరుల్లో ఉంటుంది. శరదృతువులో ఎక్కువగా దొరికింది కాబట్టి, ఎండాకాలంలో గుడ్లు పెట్టి చలి మొదలయ్యేటప్పటికి దిగువకి జారేదని ఒక ఊహ ఉంది. ఆ ఊహ మా పనికి చాలా ముఖ్యం, మళ్లీ దాని దగ్గరికే వస్తాను.

వెతకడం ఎలా

దొరకలేదు అంటే ఏ పద్ధతిలో, ఎంతసేపు, ఏ వేళప్పుడు వెతికితే దొరకలేదు అని అడగాలి. వీపుకి తగిలించుకునే ఎలక్ట్రోఫిషింగ్ యంత్రం ఉంటుంది, నీళ్లలో చిన్నగా కరెంటు వదిలితే చేపలు స్పృహ తప్పి తేలతాయి, కాసేపటికి కోలుకుంటాయి. మిగతా చేపలకి అది బాగానే పనిచేస్తుంది గానీ మ్యాడ్‌టామ్ రాతి కిందే స్పృహ తప్పుతుంది, మనకి కనపడదు. అందుకని మేం ఎక్కువగా వల, కాళ్లు వాడతాం. ఒకరు దిగువన సన్నకంటి వల అడుగుకి ఆనించి పట్టుకుంటే, ఇంకొకరు రెండు మూడు గజాలు ఎగువన నిలబడి రాళ్లని కాళ్లతో కదుపుతూ దిగువకి వస్తారు. కదిలిన రాళ్ల కిందివన్నీ ప్రవాహంతో వలలోకి కొట్టుకొస్తాయి. గంట చేస్తే పిక్కలు పట్టేస్తాయి. లోతైన చోట అడుగున ఈడ్చే చిన్న వలలు వేరే ఉన్నాయి. వీటన్నిటికీ రాష్ట్ర వన్యప్రాణి విభాగం పర్మిట్ ఉండాలి.

నీళ్ల శాంపిల్ తీసి డీఎన్ఏ చూడొచ్చు కదా అని అందరూ అడుగుతారు. చూడొచ్చు, చూస్తాం. లీటరో రెండు లీటర్లో నీళ్లు సన్నటి ఫిల్టర్ గుండా పంపితే, చేప ఒంటి నుంచి రాలిన కణాలు అందులో చిక్కుతాయి. కానీ ల్యాబ్‌లో దాన్ని దేనితో పోల్చాలి? అప్పటి నమూనాలు పట్టిన కాలంలో చేపని ఫార్మలిన్‌లో వేసి నిలవ చేయడం పద్ధతి. ఫార్మలిన్‌లో దశాబ్దాలు ఉన్న చేపలో డీఎన్ఏ ముక్కలై, ఒకదానికొకటి అతుక్కుపోయి ఉంటుంది, చదవడం చాలా కష్టం. అందుకే నేను ల్యాబ్ వాళ్లకి ప్రశ్న మార్చి పంపుతాను. "ఇది ఉందా?" అని అడగను, "ఈ ఏట్లో మనకి తెలిసిన మ్యాడ్‌టామ్‌లలో దేనికీ సరిపోలని మ్యాడ్‌టామ్ డీఎన్ఏ ఏమైనా కనబడిందా?" అని అడుగుతాను. ఇప్పటిదాకా నా శాంపిళ్లలో అలాంటిది రాలేదు.

పోయిన ఏడాది ఆగస్టు

ఒక వంతెన పని కోసం దిగువ డార్బీలో రెండు రాత్రులు చేయాల్సి వచ్చింది. మాతో వాలంటీర్‌గా ఒక వరంగల్ అబ్బాయి వచ్చాడు, ఇక్కడ మాస్టర్స్ చేస్తున్నాడు, పడవ ఎక్కడం తప్ప ఏటితో పెద్దగా పరిచయం లేదు కానీ చాలా ఓపిక. రాత్రి పది దాటింది. నేను రాళ్లు కదుపుతున్నాను, అతను వల పట్టుకున్నాడు. ఎత్తితే ఆకులు, నత్తగుల్లలు, రెండు డార్టర్ చేపలు, వాటి మధ్య వేలిలో సగం ఉన్న చిన్న మ్యాడ్‌టామ్. హెడ్‌ల్యాంప్ వెలుగులో వీపు మీద నాలుగు పట్టీలు స్పష్టంగా కనిపించాయి. అతనికి ఆ మధ్యాహ్నమే ఈ కథంతా చెప్పి ఉన్నాను.

"అక్కా, ఇది అదేనా?"

"ముందు చెయ్యి తీసెయ్. పెట్టెలో వెయ్యి."

అప్పటికే ముల్లు దిగింది. చెయ్యి విదిలించాడు గానీ చేపని మాత్రం వదల్లేదు, అంత సలుపులోనూ మెల్లగా పెట్టెలోకి జార్చాడు. ఫొటో పెట్టె అంటే రెండు గాజుపలకల మధ్య వేలెడు సందు ఉన్న చిన్న అక్వేరియం, చేప అందులో అటూ ఇటూ తిరగలేక పక్కకి నిలబడుతుంది, ఒళ్లంతా కనిపిస్తుంది. నా చేతులు వణుకుతున్నాయని ఒప్పుకోవాలి. పన్నెండేళ్ల అనుభవం ఆ ఒక్క నిమిషంలో ఏమైందో తెలియదు. నేను చూడాలనుకున్నదే నాకు కనిపిస్తోంది, పట్టీలు తప్ప ఇంకేమీ కనపడడం లేదు.

అందుకే మా దగ్గర ఒక వరస ఉంది, ఎంత టెన్షన్‌లో ఉన్నా ఆ వరసలోనే చూడాలి, ఒకరు చూసి చెప్తుంటే ఇంకొకరు రాయాలి. వీపు రెక్క కొసన నల్ల మచ్చ ఉందా? లేదు, కాబట్టి బ్రిండిల్డ్ మ్యాడ్‌టామ్ కాదు. పైదవడ పళ్ల పట్టీ రెండు చివర్లా వెనక్కి సాగిందా? లేదు, స్టోన్‌క్యాట్ (అదీ ఒక రకం మ్యాడ్‌టామే) కాదు. కొవ్వు రెక్క మీది ముదురు పట్టీ అంచుదాకా వెళ్లిందా? వెళ్లలేదు, అంచు లేతగానే ఉంది. వీపు రెక్కకి సరిగ్గా ముందు కంటికంటే కాస్త పెద్దవి, లేత మచ్చలు రెండు ఉన్నాయా? పెట్టెలో నీళ్లు తేరుకునేదాకా ఆగాం. ఒక నిమిషానికి మట్టి కిందికి దిగింది. ఉన్నాయి. రెండు మచ్చలు, పక్కపక్కనే, ఎవరో వేలికొసతో అద్దినట్టు.

నార్తర్న్ మ్యాడ్‌టామ్ పిల్ల. నోటురస్ స్టిగ్మోసస్.

అబ్బాయి మొహం వాడిపోయింది. అతనికి చెప్పాను, ఇది కూడా ఒహాయోలో అంతరించే ప్రమాదం ఉన్న చేపల జాబితాలో ఉన్నదే, నేను కొన్ని సీజన్లు ఒక్కటి కూడా చూడకుండా గడిపాను, నీకు మొదటి రాత్రే దొరికింది అని. ఎనిమిది ఫొటోలు తీసి, కొలిచి, పట్టిన రాళ్ల దగ్గరే వదిలాం, మర్నాడు రాష్ట్రానికి రిపోర్టు పంపాను. ఆ వంతెన పని వేళలు మారడానికి ఆ ఒక్క పిల్ల చేప కారణమైంది, అది చిన్న విషయం కాదు.

కానీ నా నోట్సులో ఆ రాత్రి నేను గీత గీసి పెట్టుకున్నది వేరే. నార్తర్న్ మ్యాడ్‌టామ్ ఈ ఏట్లో మొదటిసారి కనిపించిన సంవత్సరం 1957. సయోటో చివరిసారి కనిపించిన సంవత్సరం కూడా 1957. రెండూ రిఫిల్ రాళ్ల కిందే, రెండూ రాత్రి తిండికి తిరిగేవే. వచ్చినది ఉన్నదాన్ని వెళ్లగొట్టిందేమోనన్న అనుమానం రికార్డుల్లో ఉంది. దానితోపాటు పొలాల నుంచి కొట్టుకొచ్చే మట్టి, ఎరువులు, పరిశ్రమల వ్యర్థాలు కూడా అనుమానితుల జాబితాలో ఉన్నాయి.

నా అభిప్రాయం మట్టి వైపే. ఎందుకో చెప్తాను. మంచి రిఫిల్‌లో రాయి ఎత్తితే ఊరికే వచ్చేస్తుంది, అడుగున శుభ్రంగా ఉంటుంది, పురుగులు ఇసుకరేణువులతో కట్టుకున్న చిన్న చిన్న గూళ్లు అంటుకుని ఉంటాయి, రాయి కింద వేలు దూరేంత ఖాళీ ఉంటుంది. ఆ ఖాళీయే మ్యాడ్‌టామ్ ఇల్లు. మట్టి చేరిన చోట అదే సైజు రాయి ఎత్తితే ముందు రాదు, లాగితే బురదలోంచి చెప్పు ఊడివచ్చినట్టు చప్పుడు చేసి వస్తుంది, దాని చుట్టూ సగం ఎత్తుదాకా బూడిదరంగు గీత ఉంటుంది, కింద ఖాళీ అనేదే ఉండదు. పైనుంచి చూస్తే రెండు చోట్లా నీళ్లు ఒకేలా గలగలా పారుతుంటాయి. గట్టు మీద నిలబడినవాళ్లు ఏరు బాగుందనే అంటారు. ఇక్కడి పొలాల కింద నీళ్లు దిగిపోవడానికి గొట్టాలు పాతారు, వాన పడితే ఆ నీళ్లు ఆగకుండా నేరుగా కాలువల్లోకి, కాలువల నుంచి ఏట్లోకి వస్తాయి, ఆ ఉరవడికి గట్లు కోసుకుపోతాయి. ఒకే ఒక్క రిఫిల్‌ని నమ్ముకున్న చేపకి నాలుగైదు చెడ్డ సంవత్సరాలు వరసగా వస్తే చాలు. నార్తర్న్ మ్యాడ్‌టామ్ ఇంకా చాలా నదుల్లో ఉంది, ఇక్కడ దెబ్బతిన్నా వేరే చోట నుంచి మళ్లీ రాగలదు. సయోటోకి ఆ వేరే చోటు లేదు.

లేదని ఎప్పుడు అనాలి

ఇక్కడ చిన్న లెక్క. చేప నిజంగా అక్కడ ఉంటే, మనం ఒకసారి వెళ్లినప్పుడు దొరికే అవకాశం పదింటిలో ఒకటి అనుకుందాం. పదిసార్లు వెళ్లి ఖాళీ చేతులతో వచ్చినా, చేప ఉండి కూడా మనకి తగలకపోయే అవకాశం ఇంకా 35 శాతం. ఇరవైసార్లకి 12 శాతం. ముప్పైసార్లు వెళితే గానీ 4 శాతానికి దిగదు. అదే దొరికే అవకాశం పదింటిలో మూడు అయితే పదిసార్లకే 3 శాతం లోపు. అంటే లెక్కంతా ఆ మొదటి అంకె మీద ఆధారపడి ఉంది. ఆ అంకె పద్ధతిని బట్టి, వేళని బట్టి, ఋతువుని బట్టి మారిపోతుంది. పగలు జూన్‌లో ముప్పైసార్లు వెళ్లడం, రాత్రి అక్టోబరులో ముప్పైసార్లు వెళ్లడం ఒకటి కాదు.

పాత నివేదికలు తిరగేసినప్పుడు నాకు ఏడుపొచ్చినంత పనయ్యేది ఇక్కడే. ఉద్యోగంలో చేరిన కొత్తలో ఒక సంస్థ కోసం దిగువ డార్బీ మీద పాత సర్వేలన్నీ పోగేశాను. ఒక నివేదికలో "సయోటో మ్యాడ్‌టామ్ దొరకలేదు" అని ఒకే వాక్యం ఉంది. ఎన్ని గంటలు చేశారు, ఏ వల, పగలా రాత్రా, నీళ్లు తేటగా ఉన్నాయా, ఏమీ లేదు. మరీ ముఖ్యంగా, అదే రోజు మామూలు స్టోన్‌క్యాట్‌లు ఎన్ని పట్టారో కూడా లేదు. స్టోన్‌క్యాట్‌లు నలభై పట్టి సయోటో సున్నా అంటే ఆ సున్నాకి విలువ ఉంది, వాళ్ల పద్ధతి మ్యాడ్‌టామ్‌ని పట్టగలదని తెలిసింది కాబట్టి. స్టోన్‌క్యాట్ కూడా సున్నా అయితే వాళ్లు వెతికినట్టే కాదు. ఆ ఒక్క వాక్యం వల్ల ఆ వేసవి మొత్తం వృథా అయింది, దాన్ని లెక్కలో వేయలేం, తీయలేం.

తొందరపడి లేదనడం కూడా ప్రమాదమే. మేరీలాండ్ డార్టర్ అనే చిన్న చేప ఉంది, 1912లో దొరికింది, తర్వాత యాభై ఏళ్లు ఎవరికీ కనపడలేదు, 1962లో మళ్లీ దొరికింది. ఇప్పుడు మళ్లీ 1988 నుంచి జాడ లేదు. టర్కీలో బ్యాట్‌మన్ నది లోచ్ అనే చేపని 1974 తర్వాత 2021లో మళ్లీ కనుక్కున్నారు. ఇలాంటివి మనసులో ఉంటాయి కాబట్టే 66 ఏళ్లు ఎదురుచూడడాన్ని నేను తప్పు అనను. అయితే సయోటో విషయంలో ప్రకటన సరైనదే అని నేను నమ్ముతున్నాను, మనసు ఒప్పుకోకపోయినా. ఉన్నది ఒక్క చిన్న ఏరు, అందులోనూ ఒక్క జాగా, అక్కడికి తెలిసినవాళ్లు తరాలుగా వెళ్తూనే ఉన్నారు, మిగతా మ్యాడ్‌టామ్‌లు వాళ్ల వలల్లో పడుతూనే ఉన్నాయి.

అదే జాబితాలో ఉన్న టెక్సాస్ చేప గురించి కూడా ఒక మాట, ఎందుకంటే దానితో మనకి చుట్టరికం ఉంది. శాన్ మార్కోస్ గంబూసియా. దానికీ పేరు పెట్టింది 1969లోనే. శాన్ మార్కోస్ నది పుట్టే ఊటల దగ్గర, ఏడాదంతా ఒకే చల్లదనం ఉన్న నీళ్లలో మాత్రమే బతికేది, ఆ నదిలో చివరిసారి 1983లో దొరికింది. దాని పతనానికి చెప్పే కారణాల్లో ఒకటి మామూలు గంబూసియాతో సంకరం కావడం. ఆ మామూలు గంబూసియా ఏదో కాదు, దోమల కోసమని మన మున్సిపాలిటీల వాళ్లు చెరువుల్లో, కుంటల్లో వదిలే చేపే. అది ఎక్కడ వేసినా బతుకుతుంది, అందుకే వదులుతారు. ఎక్కడ వేసినా బతికే చేపని వదిలేముందు ఆ కుంటలో అప్పటికే ఉన్న పరిగెలు ఏమిటో ఎవరైనా రాసుకుంటున్నారా అని ఇంటికి వచ్చినప్పుడల్లా అడుగుతుంటాను. మార్కెట్లో చిన్న చేపలన్నీ కలిపి ఒకే కుప్ప పోస్తారు, కూర వండుకుంటాం, బాగుంటుంది. ఆ కుప్పలో ఎన్ని జాతులున్నాయో విడదీసి చూసే మనిషి ఊరికొకరుంటే చాలు, ట్రాట్‌మన్ చేసింది అదే.

ఈ కేసు తర్వాత నేను మార్చుకున్నవి కొన్ని ఉన్నాయి. మ్యాడ్‌టామ్ సర్వే అంటే కనీసం సగం గంటలు చీకటి పడ్డాకే. ప్రతి రాయీ ఎలా ఉన్నది అలాగే తిరిగి పెట్టాలి, జూన్, జులైలలో అయితే రిఫిల్‌లో కాళ్లతో కదపడమే ఉండదు, గుడ్ల మీద మగవి ఉంటాయి. ఎన్ని వలలు లాగామో, ఒక్కో వలకి ఎన్ని నిమిషాలో, మామూలు చేపలతో సహా ఏవి ఎన్ని పడ్డాయో అక్కడికక్కడే రాయాలి, ఇంటికెళ్లి గుర్తుతెచ్చుకుని రాయడం లేదు. చాలామంది ఫారంలో దొరికిన చేపల పేర్లకే వరసలుంటాయి. నా ఫారంలో వెతికిన ప్రతి చేపకీ ఒక వరస ఉంది, అంకె పడినా పడకపోయినా. 2023 ప్రకటన వచ్చాక ఆఫీసులో ఒకాయన సయోటో వరస ఇంక తీసేయొచ్చు కదా అన్నారు, చోటు కలిసొస్తుందని. తీయలేదు.

ఈ అక్టోబరుకి పర్మిట్ వచ్చింది. రెండు రాత్రులు, నలుగురం, వరంగల్ అబ్బాయి కూడా వస్తానన్నాడు, ఈసారి మందపాటి గ్లవ్స్ కొనుక్కున్నాడట. అధికారికంగా నార్తర్న్ మ్యాడ్‌టామ్‌ల లెక్క కోసం. సయోటో ఎక్కువగా దొరికిన కాలం కూడా అదే, ఆకులు రాలి నీళ్లు చల్లబడే వేళ, దిగువకి జారేదని ఊహించిన వేళ. ట్రాట్‌మన్ రిఫిల్‌లో మొదటి వల ఏడున్నరకి, పూర్తిగా చీకటి పడ్డాక వేస్తాం.